తన టికెట్టు అమ్ముకుంటూ పక్కవాడి టికెట్టు ఆపవచ్చా?

(రాజ్యాంగ దినోత్సవం సందర్భంగా న్యాయవాదుల సభలో చేసిన ప్రసంగ పాఠం)

వేదిక మీది పెద్దలకు, తోటి న్యాయవాదులకు, లా విద్యార్థులకు నమస్కారం. నేను రాజ్యాంగ పీఠిక మీద మాట్లాడాలని కార్యదర్శి గారి కోరిక. ఆయన మన్నించాలి, నేను లాటరీ టికెట్టు గురించి మాట్లాడతాను.

లాటరీ టికెట్ల అమ్మకాన్ని నిషేధించే చట్టం చెల్లుతుందా? చెల్లుతుంది. జూదానికి వ్యాపార స్వేచ్ఛనిచ్చే 19(1)(జి) అధికరణం రక్షణ లేదని సుప్రీంకోర్టు 1957లోనే చమర్‌బాగ్‌వాలా కేసులో తేల్చేసింది. ఆ తీర్పులో ఋగ్వేదంలోని జూదరి సూక్తం ప్రస్తావన కూడా ఉంది. విద్యార్థులు తప్పక చదవాలి. కాబట్టి ‘నా వ్యాపార స్వేచ్ఛ పోయింది’ అన్న వాదనకు బలం లేదు.

చిక్కంతా ఆ అధికారం ఎవరిదన్న దగ్గర వచ్చింది. చట్టాలు చేసే అధికారాన్ని కేంద్రానికీ రాష్ట్రాలకూ పంచే ఏడో షెడ్యూలు తెరవండి. పందేలు, జూదం రాష్ట్ర జాబితాలో 34వ అంశం. ప్రభుత్వాలే నడిపే లాటరీ మాత్రం కేంద్ర జాబితాలో 40వ అంశం. అందుకే 1984లో అన్‌రాజ్ కేసులో, ఇతర రాష్ట్రాల లాటరీలను నిషేధించే అధికారం మహారాష్ట్రకు లేదని కోర్టు చెప్పింది. తర్వాత పార్లమెంటు 1998లో లాటరీల నియంత్రణ చట్టం తెచ్చి, అయిదో సెక్షను ద్వారా ఆ అధికారాన్ని రాష్ట్రాలకు ఇచ్చింది.

ఇక్కడ ఒక సంగతి చెప్పకుండా ముందుకు పోలేను. నా ప్రాక్టీసు తొలి రోజుల్లో ఒకావిడ మా ఆఫీసుకు వచ్చింది. భర్త పోయాక ట్రంకు పెట్టె అడుగున దొరికిన లాటరీ టికెట్ల కట్టలు తెచ్చి నా బల్ల మీద పెట్టింది. ఒక్కదానికీ ప్రైజు రాలేదు. ఆయన చేసిన అప్పులు మాత్రం మిగిలాయి. “వీటి మీద సర్కారు ముద్ర ఉంది కదా బాబూ, కొన్న డబ్బయినా తిరిగి ఇవ్వరా?” అని అడిగింది. ఏం చెప్పమంటారు? ప్రైవేటు మనిషి లాటరీ ఆఫీసు నడిపితే ఆనాటి శిక్షాస్మృతి 294-ఏ సెక్షను కింద జైలు. ఈనాడు న్యాయ సంహితలో అది 297వ సెక్షను. అదే పని ప్రభుత్వం చేస్తే ఖజానాకు ఆదాయం! ఏ ముద్రను నమ్మి ఆయన టికెట్టు కొన్నాడో ఆ ముద్రే దాన్ని నేరం కాకుండా కాపాడింది. ఆవిడకు చట్టంలో దారి లేదు. ఆ కోపం నాకు ఇప్పటికీ తగ్గలేదు, తగ్గించుకోవాలనీ లేదు.

అందుకే 1999 నాటి బి.ఆర్. ఎంటర్‌ప్రైజెస్ తీర్పంటే నాకు గౌరవం. అయిదో సెక్షను చెల్లుతుందంటూనే కోర్టు దానికి ఒక షరతు కలిపింది. పరాయి రాష్ట్రం టికెట్టు ఆపదలచిన రాష్ట్రం ముందు తన లాటరీని మానుకోవాలి. ముద్ర ఉన్నా జూదం జూదమేనని కూడా ఆ తీర్పు చెప్పింది. తమిళనాడు 2003లో తనదీ పరాయిదీ అన్నీ ఆపేసింది. నిషేధమంటే అదీ.

కానీ 2015లో ఆన్‌లైన్ లాటరీల మీద కేరళ నిషేధం సుప్రీంకోర్టులో నిలిచింది. ఆన్‌లైన్ లాటరీని వేరే తరగతిగా చూడవచ్చట. ఆన్‌లైన్‌లో వేగం ఎక్కువ, నిఘా కష్టం, నిజమే. కానీ కాగితం లాటరీ నడుపుతున్న రాష్ట్రం ప్రజా నీతి పేరు చెప్పి ఇంకో లాటరీని ఆపవచ్చా? నా మనసు ఒప్పుకోదు. 1967 నుంచి నడుస్తున్న కేరళ లాటరీ మీద ఎందరో వికలాంగులు బతుకుతున్నారని అంటారు. వారికి బతుకుతెరువు చూపించాల్సిందే, అది ప్రభుత్వ బాధ్యత. దాన్ని మరో పేదవాడి జేబులోంచి తీర్చడమెందుకు?

ఇక పన్ను సంగతి. పరాయి లాటరీల మీద రాష్ట్రాలు పన్ను వేయవచ్చని 2022లో తీర్పు వచ్చింది. అంటే నిషేధించకుండానే రాబడి పొందవచ్చు. అప్పుడు నిషేధించే ఓపిక ఏ ఆర్థిక మంత్రికి ఉంటుంది చెప్పండి!

విద్యార్థులారా, రేపు నిషేధం కేసు మీ చేతికి వస్తే, మీరు ఏ పక్షాన నిలబడినా, ఒక్క ప్రశ్న వదలకండి. ఈ రాష్ట్రం తన లాటరీని పూర్తిగా మానుకుందా? కాగితం మీదా, కంప్యూటర్ మీదా? ఆ జవాబు ప్రభుత్వం చేత ప్రమాణపత్రంలో రాయించండి.