చర్చ: బడి వదిలి అసెంబ్లీకి వెళ్లిన టీచరు ఎవరి మనిషి?

ఉత్తరాంధ్ర టీచర్ ఎమ్మెల్సీ (టీచర్లు ఓటేసి శాసన మండలికి పంపే సీటు) ఫలితం వచ్చాక విశాఖ స్టూడియోలో నడిచిన చర్చ ఇది. విన్నది విన్నట్టే టైప్ చేశాను, ఒకరి మీద ఒకరు పడి మాట్లాడిన చోట మాత్రం దొరికినంతే రాశాను. పాడేరు నుంచి వచ్చిన డీఎస్సీ అభ్యర్థినికి ఇంకాస్త టైమ్ ఇచ్చి ఉండాల్సింది, అది నా బాధ.

మోడరేటర్: నమస్కారం అండి. 2025 మార్చి 3న కౌంటింగ్ జరిగింది, టీడీపీ, జనసేన సపోర్ట్ చేసిన పాకలపాటి రఘువర్మ గారు ఓడిపోయారు, గాదె శ్రీనివాసులు నాయుడు గారు గెలిచారు. అది పార్టీల ఓటమా టీచర్ల గెలుపా అనేది అందరూ మాట్లాడుతున్నారు. నా ప్రశ్న వేరు. ఊళ్ళో పాఠం చెప్పే మనిషి నాయకుడైపోతే ఆ క్లాసు ఎవరు చెప్తారు? మాస్టారూ, మీతో మొదలెడదాం.

రిటైర్డ్ మాస్టారు: నేను ఏజెన్సీలో, అంటే గిరిజన ప్రాంతంలో, ఏకోపాధ్యాయ బడిలో పనిచేశానండి. ఐదు తరగతులు, ఒక్కడినే. నాకు జ్వరం వస్తే బడికి తాళం. పిల్లలు ఇంట్లో మాటాడే భాష వేరు, పుస్తకంలో భాష వేరు. అయితే ఒకటి, ఓటర్ల లిస్టు మేమే రాశాం, జనాభా లెక్కలు మేమే రాశాం, ఏ ఇంట్లో ఎవరు వలస వెళ్ళారో ఎవరికి పింఛను ఆగిందో తెలిసేది మాకే, అందుకే పంతులు రాజకీయాల్లోకి వస్తే...

యూనియన్ నాయకుడు: అదేనండీ! అదే నేను చెప్తున్నది!

మోడరేటర్: మీరింకా ఏం చెప్పలేదు సార్.

యూనియన్ నాయకుడు: చెప్తాను, వినండి. ఈ మాస్టారు ముప్పై ఏళ్ళ పైన చేశారు కదా, టీచర్ ఎమ్మెల్సీకి ఒక్కసారైనా ఓటేశారా? అడగండి!

రిటైర్డ్ మాస్టారు: లేదు బాబూ. నేను ప్రైమరీ కదా.

యూనియన్ నాయకుడు: విన్నారా! హైస్కూల్, ఆ పైన చెప్పేవాళ్ళకే ఓటు. అ ఆలు దిద్దించినోడికి ఓటు లేదు. ఏటండీ ఇది న్యాయం?

లాయర్ మేడమ్: రాజ్యాంగం 171వ అధికరణంలోనే అలా ఉందండి. సెకండరీ స్కూల్ స్థాయికి తగ్గకుండా కనీసం మూడేళ్ళు చెప్పుండాలి. కౌన్సిల్లో, అంటే శాసన మండలిలో, పన్నెండో వంతు సీట్లు వాళ్ళవి, మన దగ్గర 58లో 5. ఇంకో విచిత్రం, నిలబడేవాళ్ళు మాత్రం టీచర్ అయ్యుండక్కర్లేదు. గ్రాడ్యుయేట్ సీటుకి నిలబడాలంటే డిగ్రీ ఉండక్కర్లేదని సుప్రీంకోర్టు 1972లోనే ఒక మద్రాసు కేసులో తేల్చేసింది...

యూనియన్ నాయకుడు: చూశారా, పాఠం చెప్పనోడు నిలబడొచ్చు, చెప్పినోడు ఓటెయ్యకూడదు!

మోడరేటర్: క్లాసు సంగతికి వద్దాం. సర్కారు టీచరు ఉద్యోగంలో ఉండి పోటీ చెయ్యొచ్చా మేడమ్?

లాయర్ మేడమ్: కుదరదు. 191వ అధికరణం, ప్రభుత్వ జీతం తీసుకునే పదవిలో ఉంటే అనర్హులు. 1964 కాండక్ట్ రూల్స్ అయితే పార్టీ పని కూడా వద్దంటాయి. రాజీనామా చెయ్యాల్సిందే. ఓడిపోతే ఉద్యోగమూ పోయినట్టే. అందుకే ఆస్తి లేని టీచరు దిగడం చాలా కష్టం.

మోడరేటర్: అంటే క్లాసు ఖాళీ!

రిటైర్డ్ మాస్టారు: ఖాళీ అవుతుందండి, కాదనను. కానీ పక్కనే ఒడిశా చూడండి. ద్రౌపది ముర్ము గారు రాయరంగపూర్‌లో అరబిందో బడిలో గౌరవ టీచర్‌గా చెప్పారు. అంతకుముందు నీటిపారుదల శాఖలో చిన్న ఉద్యోగం. 1997లో కౌన్సిలర్, 2000లో ఎమ్మెల్యే, ఆ వెంటనే మంత్రి. 2007లో ఉత్తమ ఎమ్మెల్యేగా నీలకంఠ అవార్డు ఇచ్చారు. జార్ఖండ్ గవర్నర్‌గా ఉండి 2017లో ఆదివాసీ భూమి చట్టాల సవరణ బిల్లుల్ని వెనక్కి పంపారు. నాకు నచ్చింది అదండి. ఊళ్ళో పిల్లాడి తండ్రి భూమి పోతే ఆ పిల్లాడు బడి మానేస్తాడని పంతులికి తెలుసు.

(ఇక్కడ కాసేపు ఎవరూ మాట్లాడలేదు. చర్చ మొత్తంలో నాకు గుర్తుండిపోయిన మాట ఇదే.)

మోడరేటర్: మరి రాయరంగపూర్ బడిలో ఆవిడ క్లాసు ఎవరు...

యూనియన్ నాయకుడు: అబ్బా, క్లాసు క్లాసు అంటారేటండీ! ఎవరో చెప్పుంటారు! అసలు సంగతి, పార్టీలు మా సీట్లో వేలు పెట్టడం. 1985లో కౌన్సిలే తీసేశారు, 2007లో మళ్ళీ తెచ్చారు, 2020లో మళ్ళీ వద్దని తీర్మానం, 2021లో ఆ తీర్మానమే వాపస్. వాళ్ళిష్టమొచ్చినప్పుడు ఉంచుతారు, లేనప్పుడు తీస్తారు, ఓట్ల రోజుకి మాత్రం మా టీచర్లని పిలిచి మావోడికెయ్యండి అంటారు. సీపీఎస్, అదే ఈ కొత్త పింఛను పద్ధతి గురించి అడిగితే సమాధానం లేదు. 2004 సెప్టెంబరు నుంచి చేరినోడికి పాత పింఛను లేదు...

మోడరేటర్: సార్, సీపీఎస్ మీద వేరే ప్రోగ్రామ్ చేద్దాం.

యూనియన్ నాయకుడు: ఎప్పుడు చేస్తారు? 2022 ఫిబ్రవరిలో పీఆర్సీ, అంటే జీతాల సవరణ కోసం ఛలో విజయవాడ అని ఎన్ని వేల మందిమి రోడ్డెక్కాం, అప్పుడు ఏ పార్టీ నాయకుడు...

లాయర్ మేడమ్: నన్ను పూర్తి చెయ్యనివ్వండి, ఎమ్మెల్సీ టర్మ్ ఆరేళ్ళు, అందులో...

యూనియన్ నాయకుడు: ఆరేళ్ళు కాదమ్మా, ముందు ప్రైమరీ పంతులికి ఓటు ఇవ్వాలి, ఇంకా ఎన్నిసార్లు చెప్పాలి!

మోడరేటర్: ఆగండాగండి. అమ్మా, మీరు డీఎస్సీకి చదువుతున్నారు కదా, అరకు నుంచి గొడ్డేటి మాధవి గారు పీఈటీగా, అంటే ఆటల టీచర్‌గా చేసి 2019లో ఎంపీ అయ్యారు, ఒక్క టర్మ్. మీ ఏరియాలో ఆ పీఈటీ క్లాసు...

డీఎస్సీ అభ్యర్థిని: సార్, మాకు క్లాసు ఖాళీ అవ్వడం కాదు, అసలు మావాళ్ళు క్లాసులోకి రావడమే కష్టంగా ఉంది. షెడ్యూల్డ్ ఏరియాలో టీచర్ పోస్టులు నూటికి నూరు స్థానిక ఎస్టీలకే అని జీవో 3 ఉండేది, 2020 ఏప్రిల్‌లో సుప్రీంకోర్టు కొట్టేసింది. మెగా డీఎస్సీ 16,347 పోస్టులు అంటున్నారు, అందులో మా భాష తెలిసినవాళ్ళు ఎంతమంది వస్తారు? మావాళ్ళు టీచరే కాకపోతే టీచర్ నుంచి నాయకుడు ఎలా...

యూనియన్ నాయకుడు: కరెక్ట్ తల్లీ, నువ్వు చెప్పింది కూడా నా పాయింటే. ప్రైమరీ టీచర్లకి ఓటు ఉంటే జీవో 3 గురించి కౌన్సిల్లో గట్టిగా...

డీఎస్సీ అభ్యర్థిని: నాది అది కాదు సార్, ఓటు సంగతి కాదు, నేను...

లాయర్ మేడమ్: ఆ అమ్మాయిని చెప్పనివ్వండి. ఆ తీర్పు నేను చదివాను, వంద శాతం రిజర్వేషన్ చెల్లదంది గానీ...

యూనియన్ నాయకుడు: తీర్పులు తర్వాత. ఓటు లేనోడి మాట ఎవడు వింటాడు మేడమ్? మాస్టారూ, మీరు చెప్పండి, ఓటు లేకపోబట్టే కదా మీ బడికి రెండో పంతులు రాలేదు?

రిటైర్డ్ మాస్టారు: ఓటు ఒక్కటే కాదు బాబూ. రోడ్డు లేదు, పోస్టింగ్ ఇచ్చినా ఎవరూ జాయినయ్యేవాళ్ళు కాదు...

యూనియన్ నాయకుడు: రోడ్డు ఎందుకు లేదు? అడిగే నాయకుడు లేక!

మోడరేటర్: సార్ పాయింట్ బలంగా ఉంది, ఒప్పుకోవాలి. అయినా నా ప్రశ్న అలాగే ఉంది, గెలిచిన రోజు నుంచి ఆ పిల్లలకి పాఠం ఎవరు? టైమ్ అయిపోయింది, ఒక్కొక్కరు పది సెకన్లు.

లాయర్ మేడమ్: ఓడిన టీచరు మళ్ళీ ఉద్యోగంలో చేరే వీలుండాలి. అంతే.

రిటైర్డ్ మాస్టారు: ఎమ్మెల్యే అయినా వారానికి ఒక పూట బడికి రావాలండి.

డీఎస్సీ అభ్యర్థిని: మా పిల్లల భాష...

యూనియన్ నాయకుడు: రాసుకోండి, 171 మార్చేదాకా మేం ఊరుకోం! పార్టీలు కాదు, ఏ మంత్రి వచ్చినా, మాస్టారికి ఓటు ఇచ్చేదాకా...

(మ్యూజిక్ పడిపోయింది. అమ్మాయి మైక్ అప్పటికే ఆపేశారు. ఆయన మైక్ మాత్రం ఇంకా ఆన్‌లోనే ఉంది.)