తేలు కుట్టినప్పుడు చెమటను చూడండి

శ్రోతలందరికీ నమస్కారం.

మహారాష్ట్రలో సిరోంచ వైపు ప్రాణహిత ఒడ్డు ఊళ్లలో తేలు కుట్టడం పెద్ద వార్తేమీ కాదు. తునికాకు కోతలు మొదలైన దగ్గర్నుంచి వానలు పడేదాకా ఏదో ఒక ఇంట్లో ఆ కేక వినబడుతూనే ఉంటుంది.

నాకు పదేళ్లప్పుడు కట్టెల మోపు కదిలిస్తే మండ్రగబ్బ కుట్టింది. నల్లగా, పీత డెక్కల్లాంటి డెక్కలతో ఇంత లావున ఉంది. మా నాయనమ్మ చింతగింజను బండమీద వేడెక్కేదాకా అరగదీసి కుట్టినచోట అంటించింది. ఎదురింటి తాత వేపమండతో దిగదుడుస్తూ మంత్రం వేశాడు. రాత్రంతా ఏడ్చాను. తెల్లారేసరికి నొప్పి దిగింది. పేరు మాత్రం చింతగింజకూ తాతకూ వచ్చింది! ఏమీ చేయకపోయినా ఆ నొప్పి దిగేదే. మన దగ్గర చాలా తేలుకాట్లు అంతే.

భయపడాల్సింది ఎర్రతేలుకు. చూస్తే చిన్నది, వేలెడంత. డెక్కలు సన్నం, తోక లావు. దాని విషం నరాలను ఉసిగొల్పుతుంది. ఒంట్లో బీపీని, గుండె వేగాన్ని పెంచే రసాయనాలు ఒక్కసారిగా వరదలా వచ్చి పడతాయి. గుండె ఆ భారం మోయలేక అలసిపోతే ఊపిరితిత్తుల్లో నీరు చేరుతుంది. పెద్దవాళ్ల కంటే పిల్లలకు ముప్పు ఎక్కువ, ఎందుకంటే అంతే విషం చిన్న ఒంట్లోకి వెళుతుంది.

ఇక్కడే మనం మోసపోతాం. పిల్లాడు గుక్కపట్టి ఏడుస్తుంటే కంగారుపడతాం, ఏడుపు తగ్గితే హమ్మయ్య అనుకుంటాం. నొప్పిని బట్టి ప్రమాదాన్ని కొలవలేం. చూడాల్సింది చెమట. ఫ్యాను కింద కూర్చోబెట్టినా చొక్కా తడిసేలా చెమటలు పట్టడం, వాంతులు, చేతులూ కాళ్లూ చల్లబడటం, ఇవి కనబడితే ఇక ఆలోచించొద్దు, ఆసుపత్రికి తీసుకెళ్లండి. దగ్గు, ఆయాసం వచ్చేదాకా ఆగితే ఆలస్యమైనట్టే. ఇంకొకటి, రేడియోలో చెప్పడానికి మొహమాటంగా ఉన్నా చెప్పాలి. మగవాళ్లలో, మగపిల్లల్లో అంగం గట్టిపడి అలాగే ఉండిపోవచ్చు. అదీ విషం ఒళ్లంతా పాకిందనడానికి గుర్తే. తేలు కుట్టిన దొంగలా నోరు మూసుకోకుండా డాక్టరుకు చెప్పండి.

ఈ విషానికి మందు దారి చూపింది మన మహారాష్ట్రలోనే. కొంకణ్‌లో రాయగడ జిల్లా మహాడ్‌లో డాక్టర్ హిమ్మత్‌రావ్ బావస్కర్ రోగుల పక్కనే కూర్చుని రాత్రంతా గమనించేవారు. అప్పట్లో విషం తీవ్రంగా ఎక్కినవాళ్లలో నూటికి సుమారు 30 మంది చనిపోయేవారు. బీపీకి వాడే ప్రజోసిన్ అనే మాత్ర ఈ విషం గుండెమీద చేసే దాడిని అడ్డుకుంటుందని ఆయన గుర్తించి, 1986లో లాన్సెట్ అనే వైద్య పత్రికలో రాశారు. తర్వాత ఆ మరణాలు బాగా తగ్గిపోయాయి. 2022లో ఆయనకు పద్మశ్రీ వచ్చింది. పెద్ద నగరంలో కాదు, తాలూకా స్థాయి ఊళ్లో జరిగిన పని ఇది. నాకు అది మహా ఇష్టం.

అలాగని ఆ మాత్ర ఇంట్లో దాచుకుని మింగించకండి. బీపీ ఉన్నట్టుండి పడిపోవచ్చు. పడుకోబెట్టి, చూస్తూ ఇవ్వాల్సిన మందది. తేలువిషానికి విరుగుడు ఇంజక్షన్ కూడా ఉంది, కానీ పాముకాటు ఇంజక్షన్ దీనికి పనిచేయదు. కుట్టినచోట కోయొద్దు, తాడు బిగించొద్దు. సబ్బుతో కడిగి, ఎన్ని గంటలకు కుట్టిందో గుర్తుపెట్టుకుని బయల్దేరండి. తేలు ఏ రంగులో ఉందో చెప్పగలిగితే మంచిదే, దాన్ని పట్టుకోవడానికి పోయి మరొకరు కుట్టించుకోకండి.

తేలుకు వెలుగంటే పడదు. పగలంతా పెంకుల సందుల్లో, పిడకల కుప్పలో, రాళ్లకింద నక్కి రాత్రి వేటకు వస్తుంది. అతినీలలోహిత (యూవీ) టార్చి వేస్తే ఆకుపచ్చగా మెరుస్తుంది, భలే ఉంటుంది చూడ్డానికి. ఆ టార్చి లేనివాళ్లు మంచం గోడకు ఆనకుండా వేసుకోండి, దుప్పటి నేలకు జారనివ్వకండి.

మా అమ్మాయి చెప్పులు బోర్లించి రెండుసార్లు నేలకు కొట్టనిదే గడప దాటదు. మొన్న అందులోంచి బొద్దింక పడితే ఇంటిల్లిపాదీ నవ్వాం. తేలుకు ఇష్టమైన తిండి ఆ బొద్దింకే. ఆ సాయంత్రమే పొయ్యి వెనక మూల ఖాళీ చేశాం.