రావి నారాయణరెడ్డిని ఎర్రజెండా కిందికి పంపింది గాంధీయే!

నమస్కారం. హైదరాబాద్ సంస్థానం భారత్‌లో కలిసిన సెప్టెంబర్ 17 వచ్చిందంటే చాలు, విమోచనమా, విలీనమా అని అందరూ గొంతులు చించుకుంటారు. ఆ గొడవలో ప్రతి పక్షమూ వాడుకునే పేరు మన భువనగిరి దగ్గర బొల్లేపల్లి బిడ్డ, తెలంగాణ సాయుధ పోరాట నాయకుడు రావి నారాయణరెడ్డిది. ఆయనను కమ్యూనిస్టును చేసింది సాక్షాత్తూ గాంధీ అని నేనంటాను. తిట్టేవాళ్లు కాస్త ఆగి వినండి!

1908లో భూస్వాముల ఇంట పుట్టారు. హైదరాబాద్‌లో చదువుకుంటూ, 1930లో పుస్తకాలు పక్కన పడేసి ఎక్కడికి వెళ్లారు? కాకినాడకు, ఉప్పు సత్యాగ్రహానికి! ఆ తర్వాత గాంధీ పెట్టిన హరిజన సేవక సంఘం పని. దొర గడీ ముందు నుంచి వెళ్లాలంటే పేదవాడు చెప్పులు విప్పి చేతపట్టుకోవాల్సిన రోజులవి. అలాంటి రోజుల్లో భూస్వామి కొడుకు దళితుల కోసం తిరిగారు. ఇది గాంధీ దారి కాక మరేమిటి?

ఇక అసలు దెబ్బ. 1938 అక్టోబర్‌లో, నిజాం నిషేధించిన హైదరాబాద్ స్టేట్ కాంగ్రెస్ సత్యాగ్రహంలో మొదటి జట్టులోనే ఆయన అరెస్టయ్యారు. రెండు నెలలు తిరిగేసరికి ఆ ఉద్యమాన్ని ఆపేశారు. ఎవరి సలహా మీద? గాంధీ సలహా మీదే! ఎవరి బాటలో జైలుకు వెళ్లారో ఆయనే ఆపమంటే కడుపు మండదా? 1939లో కమ్యూనిస్టు పార్టీలో చేరారు. 1941లో చిలుకూరులో, 1944లో భువనగిరిలో, నిజాం రాజ్యంలోని తెలుగువాళ్ల సంస్థ ఆంధ్ర మహాసభకు అధ్యక్షుడూ ఆయనే.

అయినా పాత వాసన పోలేదండీ. 1948లో భారత యూనియన్ సైన్యం వచ్చాక సాయుధ పోరాటం ఆపి తుపాకులు దించుదామని పార్టీలో వాదించింది ఎవరనుకున్నారు?

అన్నట్టు, 1952 లోక్‌సభ ఎన్నికల్లో ఈయన నెహ్రూ మెజారిటీని దాటారని ఊదరగొట్టే వాళ్లకు ఒక మాట. దాటింది ఓట్లలో. ఈయనకు 3,09,162, నెహ్రూకు 2,33,571. కమ్యూనిస్టు పార్టీ మీద నిషేధం ఉండడంతో పీడీఎఫ్ (పీపుల్స్ డెమోక్రటిక్ ఫ్రంట్) పేరుతో నిలబడ్డారు. నల్లగొండ అప్పుడు ఇద్దరు సభ్యుల స్థానం. ఒక్కో ఓటరుకు రెండు ఓట్లు. అదే స్థానంలో ఆయనతో పాటు గెలిచిన సుంకం అచ్చాలును ఒక్కరైనా తలుస్తున్నారా? సిగ్గుచేటు!

నా వాదన తప్పంటారా? అయితే 1938 డిసెంబర్ తర్వాత ఆయన మనసు మార్చిన సంగతి మరేదో కింద రాయండి. ఊరికే తిట్టి పోతే ఒప్పుకోను.