13 భాగాల కుక్కల దండు

శ్రోతలకు నమస్కారం.

దూరదర్శన్ ఒక్కటే ఉన్న రోజుల్లో మన పిల్లలకు ఆదివారం పొద్దున ఎలాంటిదో, అమెరికా పిల్లలకు శనివారం పొద్దున అలాంటిది. బడి ఉండదు. అమ్మానాన్నలు ఇంకా లేవరు. టీవీ పిల్లల చేతికి వస్తుంది. 1960ల నుంచీ అక్కడి పెద్ద చానళ్లు ఆ నాలుగు గంటలూ కార్టూన్లకే వదిలేశాయి. అలా ఒక శనివారం పొద్దున వచ్చి, ఏడాది తిరక్కుండానే సర్దుకుపోయిన కుక్కల దండు ఒకటుంది. పేరు రోడ్ రోవర్స్. 1996 సెప్టెంబర్ 7న డబ్ల్యూబీ చానల్ పిల్లల కోసం నడిపిన కిడ్స్ డబ్ల్యూబీ ప్రసారాల్లో మొదలైంది. 1997 ఫిబ్రవరి 22తో కొత్త భాగాలు ఆగిపోయాయి. మొత్తం 13.

రోవర్ అంటే ఇంగ్లిష్ వాళ్లకు మన టామీ లాంటి పేరు. ఊళ్లు పట్టుకు తిరిగేవాడు అనే అర్థమూ ఉంది. వార్నర్ బ్రదర్స్ వాళ్ల ఈ కార్టూన్ వెనక టామ్ రూగర్ ఉన్నాడు, యానిమేనియాక్స్ అనే కార్టూన్ సృష్టికర్త. కథ చిన్నదే. ప్రొఫెసర్ షెపర్డ్ అనే శాస్త్రవేత్త ట్రాన్స్‌డాగ్మిఫయర్ అనే యంత్రంతో ఐదు దేశాల కుక్కలను రెండు కాళ్ల మీద నడిచి మాట్లాడే వీరులుగా మారుస్తాడు. వాళ్లను కేనో సేపియన్లు అంటాడు. నాయకుడు హంటర్, అమెరికా వాడు, గోల్డెన్ రిట్రీవర్ కలిసిన జాతి. కొలీన్ బ్రిటన్ నుంచి వచ్చిన కోలీ, కొట్లాటలో దిట్ట. బ్లిట్జ్ జర్మనీ డాబర్‌మన్, పళ్లూ గోళ్లూ చూపించి గొప్పలు పోతాడు. ఎక్సైల్ రష్యా హస్కీ, కళ్లలోంచి వేడీ మంచూ రెండూ కురిపిస్తాడు. స్విట్జర్లాండ్ నుంచి షాగ్, ఒళ్లంతా జూలున్న షీప్‌డాగ్, పరమ పిరికి. ఆ జూలులోంచి ఏ ఆయుధం కావాలన్నా తీస్తాడు. ఆరో వాడు మజిల్, రాట్‌వైలర్. ఇతను మనిషి రూపంలోకి రాడు. మూతికి చిక్కం వేసి, చక్రాల బండికి కట్టి తీసుకొస్తారు. చిక్కం విప్పారంటే శత్రువుల పని అయిపోయినట్టే. పని ముగిశాక ఐదుగురూ మళ్లీ నాలుగు కాళ్ల మీద, తమ తమ దేశాధినేతల ఇళ్లలో పెంపుడు కుక్కలుగా తేలతారు.

విలన్ పేరు జనరల్ పార్వో. కుక్కను పెంచే ఇంట్లో ఈ పేరు వింటే నవ్వు రాదు. పార్వో నిజంగా ఒక వైరస్, 1978లో గుర్తించారు. టీకా పడని కుక్కపిల్లలకు వాంతులు, నెత్తుటి విరేచనాలు పట్టుకుని రెండు మూడు రోజుల్లో ప్రాణం మీదికి తెస్తుంది. అందుకే ఆరు నుంచి ఎనిమిది వారాల వయసులో మొదటి టీకా వేసి, 16 వారాలు నిండేదాకా మూడు నాలుగు వారాలకోసారి మళ్లీ వేయిస్తారు. కుక్కల కథలో దుర్మార్గుడికి ఇంతకన్నా తగిన పేరు దొరకదు. వాడి సహాయకురాలి పేరు గ్రూమర్, అంటే కుక్కలకు బొచ్చు కత్తిరించేది.

సరే, ఇలాంటి దండును తెర మీద నడిపించడం ఎంత పనో చూద్దాం. అరగంట కార్టూన్ అంటే ప్రకటనలు పోను అసలు కథ 22 నిమిషాలు. సెకనుకు 24 ఫ్రేముల, అంటే 24 విడి ఫొటోల లెక్కన 31,680 ఫ్రేములు. టీవీ పనిలో ఒక్కో బొమ్మను రెండు ఫ్రేముల పాటు నిలబెడతారు కాబట్టి 15,840 బొమ్మలు. ఇది తెర మీద ఒక్కడే ఉండి, వాడు అస్తమానం కదులుతుంటే వచ్చే లెక్క. ఐదు కుక్కలు వరసగా నిలబడ్డాయా, ఐదింతల పని. ఒంటరి వీరుడి కథకూ దండు కథకూ ఖర్చులో తేడా ఇక్కడే వస్తుంది.

కాబట్టి అందరినీ కదిలించరు. ఆ కాలంలో టీవీ కార్టూన్లు ఎక్కువగా పారదర్శకమైన షీట్ల మీద తయారయ్యేవి, వాటిని సెల్ అంటారు. కాగితం మీద పెన్సిల్‌తో గీసిన బొమ్మను సెల్ మీదికి జిరాక్స్ తీసి, వెనకవైపు రంగు వేసి, నేపథ్య చిత్రం మీద పరిచి, పైనుంచి కెమెరాతో ఫ్రేము ఫ్రేముగా ఫొటో తీయాలి. దండు సన్నివేశంలో ఊరికే నిలబడి వినే నలుగురినీ ఒకే సెల్ మీద గీసేస్తారు. అది కదలదు. మాట్లాడేవాడి తల ఒక సెల్, నోరు ఇంకో సెల్. తలకూ మొండేనికీ మధ్య అతుకు కనపడకుండా మెడకు పట్టీయో, కాలరో, టైయో తగిలిస్తారు. 1950ల చివర్లో హానా బార్బెరా అనే కార్టూన్ కంపెనీ వాళ్లు బాగా వాడుకున్న ఉపాయం ఇది. 1958లో వచ్చిన హకల్‌బెరీ హౌండ్ అనే కుక్కకు బో టై ఎందుకుందో ఇప్పుడు అర్థమై ఉంటుంది. సోకు కోసం కాదు, పని తగ్గించుకోవడానికి.

సెల్ అచ్చంగా గాజులా ఉండదు, కాస్త మసక. ఒకదాని మీద ఒకటి నాలుగైదు పేర్చేసరికి అడుగున ఉన్న రంగు మందగిస్తుంది. అందుకని అడుగు వరసలో ఉండే కుక్కకు అదే గోధుమ రంగును కొంచెం ప్రకాశంగా కలపాలి. మర్చిపోతే ఏమవుతుంది? వెనకనున్న కుక్క ముందుకు రాగానే దాని ఒంటి రంగు టక్కున మారుతుంది. ఐదు కుక్కలు, ఐదు వరసలు, మధ్యలో స్థానాలు మార్చుకోవడం. రంగుల పట్టిక రాసేవాడికి నిద్ర ఉండదు.

జూలు ఇంకో తలనొప్పి. షాగ్ కళ్లు కనపడవు, కాబట్టి రెప్పలూ చూపులూ గీసే పని తప్పింది. కానీ ఒంటి అంచు అంతా కుచ్చులే. ఒక బొమ్మలో ఆరు కుచ్చులు గీసి తరవాతి బొమ్మలో ఐదు గీస్తే, అంచు మరుగుతున్న నీళ్లలా అదురుతుంది. అందుకే ప్రతి పాత్రకూ ఒక నమూనా పత్రం ఉంటుంది. ముందునుంచీ పక్కనుంచీ వెనకనుంచీ ఎలా ఉంటాడు, భుజం మీద కుచ్చులెన్ని, పక్కవాడి పక్కన నిలబడితే తల ఎక్కడికి వస్తుంది, అన్నీ అందులో ఉంటాయి. బొమ్మలు గీసే పని మాత్రం చాలావరకు సముద్రాలు దాటి దక్షిణ కొరియా లాంటి దేశాలకు వెళ్లేది. కొన్నేళ్ల తరవాత అలాంటి పనే హైదరాబాద్ స్టూడియోలకూ వచ్చింది. భాష తెలియని చోట గీసేవాళ్లకు ఆ నమూనా పత్రమే దిక్కు.

ఇంత శ్రమ 13 దగ్గర ఎందుకు ఆగింది? 13 అంటే ఏడాదిలో నాలుగో వంతు వారాలు. శనివారం కార్టూన్‌కు ఒక విడతగా చానళ్లు తరచూ అన్నే కొనేవి. రోడ్ రోవర్స్ మొదటి, చివరి కొత్త భాగాల మధ్య 25 శనివారాలున్నాయి. అంటే దాదాపు సగం వారాలు కొత్త భాగం లేనివే. ఒక భాగం రాత నుంచి ప్రసారం దాకా నెలలు పడుతుంది కాబట్టి, జనం చూస్తున్నారో లేదో తెలిసేసరికి మిగతా భాగాల పని సగానికి పైనే అయిపోయి ఉంటుంది. బాగోలేదన్నా దిద్దే వ్యవధి లేదు. ఇక ఆగిపోయాక అసలు చిక్కు మొదలవుతుంది. సోమవారం నుంచి శుక్రవారం దాకా రోజూ వేయడానికి టీవీ వాళ్లు అడిగే సంఖ్య 65, అంటే వారానికి ఐదు చొప్పున 13 వారాలు. చేతిలో 13 ఉంటే రెండున్నర వారాల్లో సరుకు అయిపోతుంది. కార్టూన్ నెట్‌వర్క్‌లో కొంతకాలం మళ్లీ వేశారు గానీ, రోజూ కనపడి పిల్లలకు అలవాటయ్యే భాగ్యం దీనికి దక్కలేదు.

లోపాలు లేవనీ కాదు. ఆరుగురు వీరులు, ఒక యజమాని, ఇద్దరు దుర్మార్గులు 22 నిమిషాలను పంచుకోవాలి. తలా రెండు మాటలు చెప్పేసరికి పోరాటం వచ్చేస్తుంది. పైగా ఎకసెక్కాలు చాలావరకు పెద్దవాళ్లవి. జర్మన్ యాసనూ రష్యన్ రాజకీయాన్నీ ఎగతాళి చేస్తే ఏడేళ్ల పిల్లవాడికి ఏం తెలుస్తుంది? బ్లిట్జ్ ఎన్నిసార్లు ఎదురుపడ్డా కొలీన్ అతన్ని ఎరగనట్టు నటించే హాస్యం మాత్రం ఏ వయసు వాళ్లకైనా పండుతుంది.

రేడియోలో బొమ్మలు కనపడవు కాబట్టి గొంతుల సంగతి చెప్పుకోవాలి. ఇలాంటి కార్టూన్‌లో మాటలే ముందు రికార్డు చేస్తారు, బొమ్మ తరవాత. ఏ ఫ్రేములో ఏ అక్షరం పలికిందో పట్టికలో రాసి పంపితే, దాన్ని చూసి నోళ్లు గీస్తారు. మిగతా అక్షరాలకు నోరు కాస్త అటూ ఇటూ అయినా ఎవరూ పట్టించుకోరు. మన వ్యాకరణం ఓష్ఠ్యాలు అన్న ప, బ, మ అక్షరాల దగ్గర మాత్రం పెదవులు మూసుకోవలసిందే. అక్కడ తప్పితే పిల్లలకు కూడా తెలిసిపోతుంది. ఇంగ్లిష్ కార్టూన్‌కు తెలుగు మాటలు రాసేవాళ్లు తెర మీద పెదవులు కలిసిన చోట పకారమో మకారమో పడేలా మాట వెతికేది అందుకే. కుక్క మూతితో ఇబ్బంది ఇంకొంచెం ఎక్కువ. ఎదురుగా చూపిస్తే పొడుగు మూతి వెనక కింది పెదవి దాగిపోతుంది. అందుకని మాట్లాడేటప్పుడు ముఖాన్ని కాస్త పక్కకు తిప్పి గీస్తారు.

షాగ్‌కూ మజిల్‌కూ గొంతు ఇచ్చింది ఒకరే, ఫ్రాంక్ వెల్కర్. 1969లో స్కూబీ డూ అనే కార్టూన్‌లో ఫ్రెడ్ అనే కుర్రవాడి గొంతుగా మొదలుపెట్టి, 2002 నుంచి అందులోని కుక్క స్కూబీ గొంతు కూడా తనే అయిన నటుడు. ఇందులో ఆయనకు సరైన మాటలంటూ లేవు. షాగ్‌ది సగం మొరుగు, సగం మాట. అర్థమయ్యీ అవనట్టు ఉంటుంది. మజిల్‌ది గొంతు అడుగునుంచి వచ్చే గురగుర. కళ్లు మూసుకుని విన్నా, భయపడే కుక్క ఏదో భయపెట్టే కుక్క ఏదో వెంటనే తెలిసిపోతుంది.