డిసెంబర్ 25 ఎక్కణ్ణుంచి వచ్చింది?

శ్రోతలందరికీ నమస్కారం.

డిసెంబర్ వచ్చిందంటే ఇళ్ళ మీద స్టార్లు వెలుగుతాయి, రాత్రిపూట యూత్ పిల్లలు క్యారల్స్ పాడుకుంటూ ఇంటింటికీ తిరుగుతారు, వాటితో పాటు వాట్సాప్‌లో ఒక మెసేజ్ కూడా ప్రతి ఏడాదీ తిరుగుతుంది. డిసెంబర్ 25 అసలు యేసు పుట్టినరోజే కాదు, అది రోమన్ల సూర్యదేవుడి పండగ, చర్చి వాళ్ళు దాన్ని లాక్కుని పేరు మార్చుకున్నారు అని. అందులో మొదటి సగంతో గొడవ లేదు, ఎందుకంటే బైబిల్లో తేదీ లేనే లేదు. రెండో సగం గురించే ఇవాళ మాట్లాడదామనుకుంటున్నాను, ఎందుకంటే ఆ మాటకి ఆధారం ఎంత ఉందో చూసినవాళ్ళు తక్కువ, ఫార్వర్డ్ చేసేవాళ్ళు ఎక్కువ.

నాలుగు సువార్తల్లో యేసు పుట్టుక కథ చెప్పింది మత్తయి, లూకా ఇద్దరే. ఇద్దరూ నెల చెప్పలేదు, కాలం చెప్పలేదు. గొర్రెల కాపరులు రాత్రిపూట పొలంలో మందని కాసుకుంటున్నారని లూకా రాశాడు కదా, ఆ ఒక్క మాట పట్టుకుని అంత చలిలో బయట ఎలా ఉంటారు కాబట్టి డిసెంబర్ కాదు అని కొందరు వాదిస్తారు, నా ఉద్దేశంలో ఒక్క వాక్యంతో నెల తేల్చడం అయ్యే పని కాదు, అటైనా ఇటైనా.

అసలు మొదటి రెండు వందల ఏళ్ళలో యేసు పుట్టినరోజు పండగ చేసినట్టు ఎక్కడా కనపడదు. అప్పటి విశ్వాసులకి ముఖ్యమైనది ఆయన చనిపోయి లేచిన రోజు. హతసాక్షుల్ని, అంటే విశ్వాసం కోసం చనిపోయినవాళ్ళని తలుచుకున్నా వాళ్ళు ప్రాణమిచ్చిన రోజునే తలుచుకునేవాళ్ళు. మూడో శతాబ్దంలో ఒరిజెన్ అనే పెద్ద పండితుడైతే ఇంకా గట్టిగా అన్నాడు, బైబిల్లో పుట్టినరోజు వేడుకలు చేసుకున్నది ఫరో, హేరోదు లాంటివాళ్ళే, పరిశుద్ధులెవరూ చేసుకోలేదు అని.

కానీ పండగ లేకపోయినా ఆయన ఏ రోజు పుట్టి ఉంటాడా అని లెక్కలేసేవాళ్ళు మాత్రం ఉన్నారు. 200 ప్రాంతంలో ఈజిప్టులోని అలెగ్జాండ్రియాలో క్లెమెంట్ అనే ఆయన ఇలాంటి లెక్కలు కొన్ని రాసిపెట్టాడు, ఒకళ్ళేమో ఈజిప్టు నెలల ప్రకారం పాఖోన్ 25 అంటున్నారు, అంటే మన లెక్కలో మే 20, ఇంకొకళ్ళు ఏప్రిల్ 19 అనో 20 అనో అంటున్నారు అని. 243లో వచ్చిన ఒక లాటిన్ పుస్తకం మార్చి 28 అంది. దాని లెక్క చూడండి, పగలూ రాత్రీ సమానంగా ఉండే మార్చి 25న దేవుడు సృష్టి మొదలుపెట్టాడు, నాలుగో రోజున సూర్యుణ్ణి చేశాడు, నీతి సూర్యుడైన క్రీస్తు కూడా ఆ రోజే పుట్టి ఉండాలి, కాబట్టి మార్చి 28. మనకి ఇవాళ ఇది వింతగా అనిపించొచ్చు గానీ ఆ మనుషులు ఎలా ఆలోచించేవాళ్ళో దీంట్లో స్పష్టంగా కనపడుతుంది, దేవుడి పనులన్నీ ఒక కొలత ప్రకారం జరుగుతాయని, పెద్ద సంగతులన్నీ ఒకే తేదీ దగ్గర కలుస్తాయని వాళ్ళ గట్టి నమ్మకం.

ఇప్పుడు రోముకి వద్దాం. 354లో వాలెంటినస్ అనే డబ్బున్న క్రైస్తవుడి కోసం ఫిలోకాలస్ అనే గొప్ప లిపికారుడు ఒక పుస్తకం తయారుచేశాడు. అసలు ప్రతి పోయింది, తర్వాత ఎత్తి రాసుకున్న కాపీలు మిగిలాయి. అందులో రోమ్ ఊరి క్యాలెండర్ ఉంది, బిషప్పుల లిస్టు ఉంది, హతసాక్షుల్ని సమాధి చేసిన రోజుల లిస్టు ఉంది. ఆ హతసాక్షుల లిస్టు తెరిస్తే మొట్టమొదటి లైనే, జనవరి ఒకటికి ఎనిమిదో రోజు ముందు, యూదయ బేత్లెహేములో క్రీస్తు పుట్టెను అని. రోమన్లు ఆ ఒకటో తేదీని కూడా కలిపి వెనక్కి లెక్కపెడతారు కాబట్టి అది డిసెంబర్ 25. పక్కనే ఉన్న బిషప్పుల లిస్టులో పేర్ల వరసని బట్టి ఇదంతా మొదట 336లో కూర్చారని పండితులు తేల్చారు, అంటే కాన్‌స్టాంటిన్ చక్రవర్తి ఇంకా బతికుండగానే రోములో ఈ పండగ ఉంది. డిసెంబర్ 25న క్రిస్మస్ చేసినట్టు మన చేతిలో ఉన్న అన్నిటికంటే పాత గట్టి ఆధారం ఇదే.

ఇక వాట్సాప్ వాళ్ళ సూర్యుడి పండగ. డిసెంబర్ 25న ఓటమి లేనివాడి, అంటే సూర్యదేవుడి పుట్టినరోజు, ముప్పై రథాల పందేలు అని రాసిన ఆధారం ఒకటి నిజంగానే ఉంది, అయితే అది ఉన్నది కూడా ఇదే 354 పుస్తకంలో, దీంట్లోని క్యాలెండర్ భాగంలో! అంటే రెండు పండగలకీ మొదటి సాక్ష్యం ఒకే పుస్తకం, ఏది ముందో ఏది వెనకో దీన్ని బట్టి చెప్పలేం. 274లో ఆరేలియన్ చక్రవర్తి రోములో సూర్యదేవుడికి పెద్ద గుడి కట్టించిన మాట నిజం, కానీ దాన్ని డిసెంబర్ 25నే ప్రతిష్ఠించాడని ఆ కాలపు రాతల్లో ఎక్కడా లేదు. అదే క్యాలెండర్లో సూర్యుడి ఆటలు అక్టోబర్ 19 నుంచి 22 దాకా ఉన్నాయి, వాటికి 36 పందేలు, అవి దీనికన్నా పెద్ద వేడుక. రోమన్ల సాటర్నాలియా పండగ గురించి కూడా చెప్తుంటారు, అది డిసెంబర్ 17న మొదలై 23కల్లా అయిపోయేది, 25కి రాదు.

మేం సూర్యుడి పండగని మార్చుకున్నాం అని నాలుగో శతాబ్దపు క్రైస్తవుల్లో ఒక్కరూ రాయలేదు. ఆ మాట స్పష్టంగా కనపడేది పన్నెండో శతాబ్దంలో, ఒక సిరియాక్ రాతప్రతి అంచున ఎవరో పేరు తెలియని లేఖకుడు రాసిన నోట్‌లో. ఎనిమిది వందల ఏళ్ళ తర్వాత వచ్చిన మాట అది. అలాగని సూర్యుడితో సంబంధమే లేదని నేననను, ఐదో శతాబ్దంలో కూడా లియో పోపు రోములో సెయింట్ పీటర్స్ మెట్లెక్కిన క్రైస్తవులు వెనక్కి తిరిగి ఉదయించే సూర్యుడికి వంగి దణ్ణం పెడుతున్నారని ప్రసంగంలో మందలించాడు. గాలిలో ఆ సూర్యభక్తి ఉంది, దాని ప్రభావం ఉండే ఉంటుంది. పండగ పుట్టుకకి అదే కారణమని చెప్పడానికి మాత్రం అది చాలదు.

మరి ఆ తేదీ ఎక్కణ్ణుంచి వచ్చింది అంటే, నాకు ఎక్కువ నచ్చే సమాధానం గుడ్ ఫ్రైడే దగ్గర మొదలవుతుంది. యేసు చనిపోయింది యూదుల పస్కా పండగ సమయంలో, నీసాను నెలలో. ఆ చాంద్రమాన తేదీని రోమన్ క్యాలెండర్లోకి మార్చినప్పుడు పశ్చిమాన చాలామంది మార్చి 25 అన్నారు, 200 ప్రాంతంలోనే ఉత్తర ఆఫ్రికాలో టెర్టులియన్ అనే క్రైస్తవ రచయిత ఆ తేదీ రాశాడు. పైన చెప్పుకున్న నమ్మకాన్ని దీనికి కలపండి, పెద్ద సంగతులన్నీ ఒకే తేదీన జరుగుతాయి కాబట్టి ఆయన ఏ రోజు చనిపోయాడో ఆ రోజునే తల్లి గర్భంలో పడి ఉండాలి. మార్చి 25కి తొమ్మిది నెలలు కలిపితే డిసెంబర్ 25. ఇది నేనల్లిన కథ కాదు, ఐదో శతాబ్దం మొదట్లో ఉత్తర ఆఫ్రికాలో బిషప్పుగా ఉన్న అగస్టీన్ తన త్రిత్వం పుస్తకంలో ఈ ముక్క సూటిగానే చెప్పాడు, మార్చి 25న గర్భంలో పడ్డాడు, అదే రోజున శ్రమపడి చనిపోయాడు, డిసెంబర్ 25న పుట్టాడు అని. తూర్పు చర్చిల సంగతి చూస్తే వాళ్ళ పాత పండగ జనవరి 6, అక్కడి కొందరి లెక్కలో పస్కా తేదీ ఏప్రిల్ 6, మళ్ళీ సరిగ్గా తొమ్మిది నెలలే! ఫ్రెంచ్ చరిత్రకారుడు లూయీ డ్యుషేన్ 1889లో ఈ వాదన పెట్టాడు, ఇరవయ్యో శతాబ్దంలో థామస్ టాలీ అనే అమెరికన్ పండితుడు దాన్ని బాగా బలపరిచాడు. దీనికీ లోటు లేకపోలేదు, అగస్టీన్ రాసేటప్పటికే పండగ స్థిరపడిపోయింది, ఉన్న తేదీకి ఆయన కారణం చెప్తున్నాడేమో అనొచ్చు. అయినా రెండు వేర్వేరు తేదీల్ని ఒకే లెక్క విప్పుతోంది కదా, ఆ బలం సూర్యుడి పండగ వాదనకి లేదు.

ఇక్కడ ఒక డౌట్ రావచ్చు, పొద్దు పెరగడం మొదలయ్యేది డిసెంబర్ 21, 22 దగ్గర కదా, రోమన్లు 25 ఎందుకన్నారు అని. మన సంక్రాంతిని గుర్తుతెచ్చుకోండి, ఆకాశంలో సూర్యుడు డిసెంబర్‌లోనే ఉత్తరానికి తిరిగినా పంచాంగంలో ఉత్తరాయణ పుణ్యకాలం జనవరి 14, 15 దగ్గరే చేసుకుంటున్నాం. రోమన్లకీ అలాగే, జూలియస్ సీజర్ నాటి తేదీలు ఆకాశం జరిగిపోయినా క్యాలెండర్లో ఉండిపోయాయి. ఆ లెక్కలో మార్చి 25 సమరాత్రి, జూన్ 24 దగ్గర పొడుగు పగలు, డిసెంబర్ 25 పొట్టి పగలు. బాప్తిస్మమిచ్చు యోహాను యేసు కంటే ఆరు నెలలు పెద్ద అని లూకా చెప్పాడు కాబట్టి ఆయన పండగ జూన్ 24న పెట్టారు. ఆయన హెచ్చాలి నేను తగ్గాలి అన్న యోహాను మాటని అగస్టీన్ ఈ పగళ్ళకే అన్వయించాడు, యోహాను పుట్టినప్పణ్ణుంచి పగలు తగ్గుతుంది, క్రీస్తు పుట్టినప్పణ్ణుంచి పెరుగుతుంది అని. నాకైతే ఇది చాలా ఇష్టం.

రోమ్ తేదీని తూర్పు వాళ్ళు వెంటనే ఒప్పుకోలేదు. 386 డిసెంబర్‌లో తూర్పు నగరమైన అంతియొకయలో జాన్ క్రిసోస్టమ్ అనే పేరున్న ప్రసంగీకుడు చేసిన ప్రసంగం మిగిలింది, ఈ పండగ మన దగ్గరికొచ్చి ఇంకా పదేళ్ళు కాలేదు, కొత్తదని కొందరు సణుగుతున్నారు అంటూనే ఆయన లెక్కేసి చూపిస్తాడు. యోహాను తండ్రి జెకర్యా యూదుల ప్రాయశ్చిత్త దినాన దేవాలయంలో ఉన్నాడు, సెప్టెంబర్‌లో ఆయన భార్య ఎలీసబెతు గర్భవతయింది, ఆరో నెలలో మరియకి దేవదూత గబ్రియేలు కనపడ్డాడు, అక్కణ్ణుంచి తొమ్మిది నెలలు. వినడానికి బాగుంది గానీ ఆ దినాన దేవాలయం లోపలి గదిలోకి వెళ్ళేది ప్రధాన యాజకుడు, జెకర్యా మామూలు యాజకుడే, కాబట్టి ఆ లెక్క నిలవదు. యెరూషలేము అయితే ఆరో శతాబ్దం దాకా జనవరి 6నే పట్టుకుని ఉంది.

ఇవాళ రష్యాలో, సెర్బియాలో జనవరి 7న క్రిస్మస్ చేస్తారు చూడండి, అది వేరే తేదీ కాదు, పాత జూలియన్ క్యాలెండర్లో డిసెంబర్ 25 అదే, 13 రోజుల తేడా అంతే, 2101 నుంచి అది జనవరి 8 అవుతుంది. ఉక్రెయిన్ 2023లో చట్టం మార్చి సెలవుని డిసెంబర్ 25కి తెచ్చుకుంది. ఆర్మేనియన్ చర్చి ఒక్కటే నిజంగా వేరే తేదీ పాటిస్తోంది, యేసు పుట్టుకనీ బాప్తిస్మాన్నీ కలిపి జనవరి 6నే చేస్తుంది. బేత్లెహేములోని ఆర్మేనియన్లు ఆ జనవరి 6ని పాత క్యాలెండర్ ప్రకారం లెక్కేస్తారు కాబట్టి వాళ్ళ పండగ మనకి జనవరి 19న పడుతుంది. అలా ఆ ఒక్క ఊళ్ళో క్రిస్మస్ ఏటా మూడుసార్లు జరుగుతుంది, డిసెంబర్ 25న, జనవరి 7న, జనవరి 19న.

సెలవు, నమస్కారం.