అనిమోన్ వద్దు, థర్మామీటరే ముద్దు! క్లౌన్ ఫిష్ జత, 8 నెలల తర్వాత

నమస్కారమండీ. ముందే చెప్పేస్తాను, ఈ ట్యాంకు కిట్టు గానీ ఇందులోని రెండు చేపలు గానీ నేను కొన్నవి కావు. ఒక అక్వేరియం కంపెనీ వాళ్లు ఫ్రీగా పంపారు. డబ్బులేమీ ఇవ్వలేదు, వీడియో ముందుగా చూపించమనీ అడగలేదు. అడిగుంటే బాగుండేదని ఇది చూశాక వాళ్లకే అనిపించొచ్చు.

ట్యాంకు ఎన్ని లీటర్లు, లైటు ఎన్ని వాట్లు, పంపు ఏ మోడలు, ఇవన్నీ మీరు ఈపాటికి వేరే ఛానెళ్లలో చూసే ఉంటారు. నేను చేప సంగతి మాట్లాడతాను. ఒసెల్లారిస్ క్లౌన్ ఫిష్. నారింజ రంగు ఒళ్లు, మూడు తెల్ల పట్టీలు, మధ్య పట్టీ ముందుకి ఉబ్బి ఉంటుంది. ఎంత పెరిగినా అరచేతి పొడవు దాటదు. ఇది సముద్రంలో పట్టింది కాదు, హేచరీలో పుట్టింది. కొనేవాళ్లు మొదట అడగాల్సిన ప్రశ్న అదే. మన దేశంలో సీఎంఎఫ్ఆర్ఐ (కేంద్ర సముద్ర చేపల పరిశోధన సంస్థ) వాళ్లు తమిళనాడులోని మండపంలో ఈ చేపల చేత ఎప్పుడో పిల్లలు తీయించారు, కాబట్టి పగడపు దిబ్బల మీద నుంచి పట్టుకొచ్చిన చేప కొనాల్సిన అవసరం లేదు.

మొన్నొకాయన కామెంట్లో అడిగారు, "అమలాపురం నుంచి సముద్రం ఎంత దూరమండీ, ఓడలరేవు వెళ్లి మీరే పట్టుకోవచ్చుగా" అని. ఆయ్, వెళ్లొచ్చు, కానీ దొరకదు. ఆగస్టులో గోదారికి ఎర్రనీరు వచ్చినప్పుడు అంతర్వేది దగ్గర సముద్రం ఏ రంగులో ఉందో చూశారుగా! పగడానికి ఆ ఒండ్రు పడదు. పగడం ఒంట్లో సన్నటి నాచు కణాలుంటాయి, వాటికి ఎండ తగలాలి. బురదనీళ్లలో ఎండ అందదు, పైనుంచి ఒండ్రు పేరుకుంటే ఊపిరే ఆడదు. ఉప్పు కూడా చాలదు. మనకు పొలాలిచ్చిన ఒండ్రే ఇక్కడ పగడం లేకుండా చేసింది. ఇదే బంగాళాఖాతానికి అవతలి ఒడ్డున అండమాన్‌లో నీళ్లు తేటగా ఉంటాయి, లోతు తక్కువ దిబ్బల మీద ఈ చేప హాయిగా బతుకుతోంది.

అందుకే ఇక్కడ ఆ నీళ్లు మనమే తయారు చేసుకోవాలి. డెల్టాలో అది పెద్ద కష్టం కాదు. మా బావగారికి కాట్రేనికోన వైపు వెనామీ రొయ్యల చెరువులున్నాయి. సెలినిటీ, అమ్మోనియా, ఏరేటర్ అంటే ఆయనకు తెలుగు మాటలే. ఆయన ఉప్పు కొలిచే రిఫ్రాక్టోమీటర్ తెచ్చి నా ట్యాంకులో చుక్క వేసి చూసి, "35 పీపీటీ ఏంట్రా బామ్మర్దీ, ఆవకాయ పెడుతున్నావా?" అన్నారు. పీపీటీ అంటే వెయ్యి పాళ్ల నీళ్లలో ఉప్పు ఎన్ని పాళ్లో చెప్పే లెక్క. ఆయన రొయ్యలు 10 లోనే బాగుంటాయి మరి. ఈ కిట్టుకు ఆటో టాప్-అప్ లేదు, అంటే తగ్గిన నీళ్లు దానంతటదే నింపుకునే ఏర్పాటు, అది మాత్రం నాకు విసుగు. మే నెలలో రోజూ చెంబుడు నీళ్లు ఆవిరైపోయేవి. ఆవిరయ్యేది నీరే, ఉప్పు ట్యాంకులోనే ఉండిపోతుంది. అందుకని పోయాల్సింది ఆర్‌ఓ నీళ్లు, ఉప్పునీళ్లు కాదు. ఇంత చిన్న విషయం మాన్యువల్‌లో రాయలేదు.

సరే, అసలు గొడవకొస్తాను. అనిమోన్ అంటే రాయికి అంటుకుని, కుట్టే వేళ్లతో పువ్వులా కనిపించే సముద్రపు ప్రాణి.

అట్ట పెట్టె మీద బొమ్మ చూడండి. గులాబీ రంగు అనిమోన్, దాని వేళ్ల మధ్య రెండు చేపలు, మొగుడూ పెళ్లాల ఫొటోలా. కిట్టుతో పాటు ఒక బబుల్ టిప్ అనిమోన్ పంపారు, చేపలతో పాటే వేసేయమని రాశారు. సముద్రంలో ఈ చేప ముఖ్యంగా మూడు రకాల అనిమోన్లలో కాపురం పెడుతుంది. ఈ బబుల్ టిప్ ఆ మూడింట్లో లేదు. ట్యాంకుల్లో కొన్ని చేపలు దీంతో సర్దుకుంటాయి, కొన్ని మొహం కూడా చూడవు. నావి చూడలేదు. మూడు వారాలు ఎదురుచూశాను. పెద్దది వెళ్లి థర్మామీటర్ కింద చేరింది. అద్దానికి అంటించే రబ్బరు మూత ఉంటుంది చూడండి, దాని కిందే. చిన్నది దాని వెనకే. లైటు ఆర్పాక రెండూ ఆ మూతకు ఒళ్లు రుద్దుకుంటూ పడుకుంటాయి. ఇప్పుడు జూమ్ చేస్తున్నా, చూడండి... అదిగో తోక.

ఈలోగా అనిమోన్ రాయి వదిలేసి నడక మొదలుపెట్టింది. దానికి ఆ చోటు నచ్చలేదు. కొత్త ట్యాంకులో అనిమోన్ నిలబడదు, నెలల తరబడి కుదురుకున్న నీళ్లు కావాలి. చేపలు వేసే ముందు ట్యాంకును నేను ఐదు వారాలు ఖాళీగా, పంపు నడుపుతూ ఉంచాను. చేపలకు అది చాలింది, దీనికి చాలలేదు. ఒకరోజు పొద్దున్న లేచేసరికి పంపు అనిమోన్‌ని పీల్చేసి ముక్కలు చేసింది. నీళ్లన్నీ బియ్యం కడుగులా తెల్లగా అయిపోయాయి, ఎండు చేపల బజారు వాసన. చేపల్ని బకెట్లోకి తీసి, బావగారి బ్యాటరీ ఏరేటర్ పెట్టి ఎలాగోలా కాపాడాను. ఆ రోజు నా టెన్షన్ మా ఆవిణ్ణి అడగండి.

సముద్రంలో అనిమోన్ లేకపోతే ఈ చేపకు బతుకు లేదు. ఈత అంతంతమాత్రం, రంగేమో కిలోమీటరు దూరానికి కనిపిస్తుంది, బయటికొస్తే ఎవడో ఒకడు మింగేస్తాడు. అనిమోన్ వేళ్లు తాకితే మిగతా చేపలకు దురదగొండి రాసుకున్నట్టే, అంతకంటే ఎక్కువే. దీని ఒంటి మీద జిగురు పొర ఉంది కాబట్టి అది దీన్ని కుట్టదు. అద్దెగా ఇది అనిమోన్‌ని కొరికే చేపల్ని తరుముతుంది, దీని రెట్ట దానికి ఎరువవుతుంది. కానీ నా ట్యాంకులో మింగేవాడు ఎవడున్నాడు? ఎవడూ లేనప్పుడు దాక్కునే ఇల్లెందుకు? రబ్బరు మూత చాలు. ఇది తెలిసీ ఆ బొమ్మ కోసం ఒక ప్రాణిని పంపడం నాకు నచ్చలేదు.

ఇక నాకు పిచ్చెక్కించిన విషయం. పెద్దది ఆడది, చిన్నది మగది. పుట్టినప్పుడు అన్నీ మగవే. గుంపులో అందరికంటే పెద్దది ఆడదవుతుంది, దాని తర్వాతది మొగుడు, మిగతావి క్యూలో. క్యూలో ఉన్నవి పైవాళ్ల కంటే పెద్దవి కాకుండా తమ ఎదుగుదల తామే తగ్గించుకుంటాయి. ఆడది చనిపోతే మొగుడు ఆడదైపోతాడు, మళ్లీ వెనక్కి రావడం ఉండదు. ఇది బావగారికి చెబితే నవ్వుతారనుకున్నాను. "మన పండుగప్ప కూడా అంతేగా" అన్నారు తాపీగా. నిజమే, పండుగప్ప కూడా మగదిగా మొదలై, బాగా పెరిగాక ఆడదవుతుంది. తేడా ఏమిటంటే పండుగప్ప వయసును బట్టి మారుతుంది, ఇది ఇంట్లో ఎవరు పోయారన్నదాన్ని బట్టి.

పెద్దది ఎదురొస్తే చిన్నది ఒళ్లంతా వణికించి పక్కకు ఒరుగుతుంది. దెబ్బలాట కాదు, "నువ్వే పెద్ద తల్లీ" అనడం. నేను పాతికేళ్లు గప్పీలు, గోల్డ్ ఫిష్‌లు, డిస్కస్‌లు పెంచాను. చిన్నప్పుడు పంటకాలువలో పట్టిన మట్టగిడసల్ని తాతయ్య గాబులో దాచాను. ఇంత కాపురం చేసే చేపను చూడలేదు.

కాబట్టి, చేప తీసుకోండి, హేచరీదే, జతగా. ఈ కిట్టు మాత్రం వద్దు. మామూలు ట్యాంకు, మంచి పంపు, దాని నోటికి స్పాంజి, ఒక ఇన్వర్టరు చాలు.

ఆ, ఇంకోటి. పది రోజులుగా చిన్నది థర్మామీటర్ పక్కన అద్దాన్ని నోటితో గీకి శుభ్రం చేస్తోంది. గుడ్లు పెట్టే ముందు చేసే పని అది. పెడితే కాపలా మగదానిదే, రెక్కలతో విసురుతూ కూర్చుంటుంది, మన కొరమేను పిల్లల్ని కాసినట్టు. వారం పైన పట్టొచ్చు, చీకటి పడ్డాకే పొదుగుతాయి. పిల్లల మొదటి మేత రోటిఫర్లు, అంటే కంటికి కనిపించనంత చిన్న నీటి జీవులు. ఉప్పాడ వైపు హేచరీల్లో తెలిసినవాళ్లున్నారని, రోటిఫర్ల కోసం అడిగి చూస్తానని బావగారు అన్నారు. శనివారం వెళ్తున్నారు.