రొండోనియాలో రెండు పంటల తరువాత

అందరికీ నమస్కారం. బ్రెజిల్‌లోని అమెజాన్ అడవి రాష్ట్రం రొండోనియాలో వలస రైతు ఏ నెల ఏం చేస్తాడో తెలియకుండా అక్కడి అడవి ఎందుకు పోయిందో అర్థం కాదు.

దక్షిణ బ్రెజిల్‌లోని పరానా రాష్ట్రంలో 1975 నాటి మంచు కాఫీ తోటల్ని మాడ్చేసింది. యంత్రాలతో సోయా సేద్యం వచ్చి కూలీల పని పోయింది. అలా రొండోనియాకు కదిలివచ్చిన కుటుంబాలకు ప్రభుత్వం వారు చాలాచోట్ల 100 హెక్టార్లు, అంటే మన లెక్కన 247 ఎకరాలు ఇచ్చారు. 500 మీటర్ల వెడల్పు, 2 కిలోమీటర్ల పొడవు. రెండేసి భూమి చెక్కలు వెనుక వైపున ఆనుకోవడంతో 4 కిలోమీటర్లకో మట్టిరోడ్డు పడింది. పైనుంచి చేపముల్లులా కనిపించేది ఇదే. అప్పట్లో అడవి కొడితేనే భూమి సాగు చేసినట్టు రుజువు. 1984లో రొండోనియాకు వచ్చే బీఆర్-364 రహదారికి తారు పడ్డాక జనం పోటెత్తారు.

మే, జూన్‌లలో ముందు తుప్పలు నరుకుతారు. మానులు కూలాక వాటి కిందికి దూరలేం. పైగా ఎండిన తుప్పలే మంటను అందిస్తాయి. ఆగస్టు, సెప్టెంబరుల్లో నిప్పు. తొందరపడితే కలప పచ్చి, ఆలస్యమైతే వాన. సరిగా కాలకపోతే దుంగలు కుప్పలేసి మళ్లీ కాల్చాలి, ఈలోగా విత్తే అదను దాటుతుంది. తొలివానకు మొద్దుల మధ్య వరి, మొక్కజొన్న వేస్తారు. మన పోడులో నేలను బీడు వదిలి అడవిని తిరిగి రానిచ్చేవారు. ఇక్కడ ఆ విరామం లేదు.

అక్కడి నేల ఎక్కువచోట్ల ఆమ్లనేల, భాస్వరం తక్కువ. బూడిద ఆమ్లాన్ని కొంత తగ్గిస్తుంది గానీ నత్రజని చాలావరకు పొగలో పోతుంది, మిగిలిన సారాన్ని వానలు కడిగేస్తాయి. రెండు మూడేళ్లకు దిగుబడి పడి కలుపు పెరుగుతుంది. ఇంట్లో ఒకరు మలేరియాతో పడుకుంటే కలుపుతీతకు చేతులు చాలవు. అందుకే పంటలోనే పశువుల మేతకు బ్రకియారియా అనే గడ్డి విత్తనం చల్లుతారు.

పశువుల మీద కోపం తెచ్చుకునే ముందు ఆ మట్టిరోడ్డును తలచుకోండి. వానల్లో లారీ దిగబడితే వడ్ల బస్తా మొలకెత్తుతుంది. దూడ మాత్రం నడిచి రోడ్డెక్కుతుంది. జబ్బు చేసిన నాడు అమ్ముకోవచ్చు. కానీ ఎరువు లేని గడ్డి కొన్నేళ్లకు పలచబడి, అదే మందకు మరికొంత అడవి కావాలి.

ఆ గడ్డినేలకే భాస్వరం వేసి, కంచెలతో విడగొట్టి, మార్చి మార్చి మేపితే పాత చెక్క చాలాకాలం నిలుస్తుంది. ఇప్పుడు అక్కడి చిన్న రైతులు మంచి రోబస్టా కాఫీ రకాల కొమ్మల నుంచి పెంచిన మొక్కలు నాటి, తక్కువ నేలలో ఎక్కువ కాఫీ తీస్తున్నారు. దానికి ఎరువు, నీటి తడి, కాపు వచ్చే దాకా రెండు మూడేళ్లు ఇల్లు గడిపే అప్పు కావాలి. వాయిదాలు అంతకుముందే మొదలైతే, కట్టడానికి రైతు మళ్లీ అడవి వైపే చూస్తాడు.